డ్రిల్లు మేస్టారు కోసేసిన రెండేళ్లు

మధురవాడలో మా అపార్ట్‌మెంటు కింద ఒక సెలూన్ ఉంది. దాని యజమానితో నాకు పేచీ. నెలకోసారి వెళ్లి కూర్చుంటాను. ఆయన కత్తెర తీసే ముందు అద్దంలో నా తలని, గోడకి పట్టిన చెమ్మని చూసినట్టు చూసి, "డై వేసేద్దామా సార్? పదేళ్లు తగ్గిపోతారు" అంటాడు. వద్దంటాను. పోయిన నెలా వద్దన్నాను, అంతకు ముందు నెలా వద్దన్నాను. ఒకసారి వద్దన్న మనిషిని గుర్తుపెట్టుకోవడం పెద్ద విద్యేమీ కాదు. ఎదురుగా ఉన్న టీ కొట్టువాడు నాకు చక్కెర వద్దన్న సంగతి రెండో రోజే గుర్తుపెట్టుకున్నాడు. ఈయన మాత్రం మొన్న బేరానికి దిగాడు. "పోనీ ఐదేళ్లు తగ్గిద్దాం సార్" అన్నాడు, బీరకాయల దగ్గర అన్నట్టు.

నాకు ఇదివరకే రెండేళ్లు తగ్గించారయ్యా, దాన్నుంచే ఇంకా తేరుకోలేదు అని చెబుదామనుకున్నాను. మెడ మీద కత్తి ఉంది కదా అని ఊరుకున్నాను.

నేను ఫుట్‌బాల్ ఆడి బతికాను. పద్నాలుగేళ్లు, తొమ్మిది క్లబ్బులు, ఐదు రాష్ట్రాలు. మధ్యలో ఆడేవాణ్ణి, అంటే మిడ్‌ఫీల్డర్ని. గోలు కొట్టినవాడి పేరు పేపర్లో వస్తుంది, గోలు ఆపినవాడి ఫొటో వస్తుంది. మధ్యలోవాడికి బంతి వస్తుంది, దాన్ని వెంటనే ఇంకొకడికి ఇచ్చేయాలి. ఇదంతా చదివి ఎవరైనా నా ఆట ఎక్కడైనా చూశామా అని ఆలోచించే శ్రమ పెట్టుకోవద్దు. చూసే ఉంటారు. గుర్తుండకపోవడంలో మీ తప్పు లేదు. ఇక్కడ ఎవరి పేరూ రాయను. రాస్తే మా గోల్‌కీపరు ఉద్యోగం పోతుంది. ఎందుకు పోతుందో వరసలో వస్తుంది.

మాది ఫిషింగ్ హార్బర్ పక్క వేటకి వెళ్లే కుటుంబం. నాన్న బోటు నడిపే సరంగు. మా డ్రిల్లు మేస్టారు ఒక మధ్యాహ్నం సైకిలు మీద మా ఇంటికి వచ్చాడు. ఊళ్లో ఒక మిషన్ హైస్కూల్లో పనిచేసేవాడు ఆయన. అప్పటికి నేను వేరే బళ్లో ఎనిమిది పాసయ్యాను. ఇసకలో ఆడుతుంటే చూశాడట, వాళ్ల బళ్లో చేర్పించి జట్టులో ఆడిస్తానన్నాడు. పదమూడేళ్ల లోపు వాళ్లకి జిల్లా టోర్నమెంటు ఉంది. నాన్న వల బాగుచేసుకుంటున్నాడు. తల ఎత్తలేదు.

"ఈడు ఎప్పుడు పుట్టాడు?" అన్నాడు మేస్టారు, జేబులోంచి పెన్ను తీసి.

"ఆ రోజు మా బోటుకి కానాగంత సేపలు తెగ పడ్డాయి మేస్టారూ. ఐసు సాల్లేదు."

"ఏ సంవత్సరం?"

"అదే తెల్దు. ఐసు సాల్లేదు, అదొక్కటే గేపకం."

లోపల్నుంచి అమ్మ అంది: "ఈడికి పద్నాలుగు ఎల్లిపోయాయి మేస్టారూ. నాకు తెల్దా?"

"పన్నెండు అనుకుందామమ్మా."

"అనుకుంటే అయిపోద్దా?"

"అయిపోద్ది" అన్నాడు మేస్టారు.

అయిపోయింది. నా జీవితంలో ఇంత తొందరగా పూర్తయిన పని మరొకటి లేదు. కొత్త బళ్లో చేరేటప్పుడు ఆయన ఏ తారీఖు రాస్తే అదే పదో తరగతి సర్టిఫికెట్లోకి ఎక్కింది, అక్కణ్ణుంచి ఆధార్లోకి, పాస్‌పోర్టులోకి. ఈ రోజు ప్రభుత్వం, బ్యాంకు, ఫుట్‌బాల్ సంఘం అంతా ఒకే మాట మీద ఉన్నారు. కాదనే మనిషి ఈ దేశంలో మా అమ్మ ఒక్కర్తే.

వయసు తగ్గితే క్లాసూ తగ్గాలి. తొమ్మిదిలో చేరవలసిన నన్ను ఏడులో కూర్చోబెట్టారు. అందులో మా చెల్లెలు ఉంది. నాకంటే పద్నాలుగు నెలలు చిన్నది. కాగితాల లెక్కన పది నెలలు పెద్దది అయిపోయింది. ఒకసారి చదివిన పాఠాలే మళ్లీ చదవడం వల్ల ఆ ఏడాది నాకు సెకండ్ ర్యాంకు వచ్చింది. ఫస్టు ఆవిడది. ఇప్పుడు పెద్దాసుపత్రిలో స్టాఫ్ నర్సు. ఈ రోజుకీ ఫోనెత్తితే "ఏటిరా తమ్ముడూ" అంటుంది.

అప్పట్లో ఇది నాకు తమాషాగానే ఉండేది. మేస్టారు అలా మా జట్టులో ఆరుగురికి తగ్గించాడు. ఇదేమీ గుట్టు కాదు. పక్క బళ్ల డ్రిల్లు మేస్టార్లూ అదే చేసేవాళ్లు. టోర్నమెంటులో మా మీద ఆడిన ఒక పన్నెండేళ్ల స్టాపర్ బ్యాక్ పొద్దున్నే గడ్డం గీసుకుని వచ్చాడు. రిఫరీ అతన్ని "మీరు" అన్నాడు.

మేస్టారు రోజూ ఐసు ఫ్యాక్టరీ వెనక గోడకి ఎదురుగా మమ్మల్ని వరసగా నిలబెట్టి బంతి కొట్టించేవాడు. కుడికాలితో వంద, ఎడంకాలితో వంద. కుడివి వందకి నూటపది కొట్టేవాణ్ణి. ఎడంవి నలభై దగ్గర నాకు లెక్క తప్పేది. మేస్టారు చూసేవాడు, ఏమీ అనేవాడు కాదు. నా ఎడమకాలు మరీ అంత గొప్పది కాదని నేను ఎప్పుడూ ఒప్పుకుంటాను. కానీ నిలబడ్డానికి బాగానే పనికొచ్చింది.

మా జట్టులో ఒకడికి మాత్రం మేస్టారు వయసు తగ్గించలేదు. మేస్టారి చర్చికే వెళ్లే కుటుంబంలో పిల్లవాడు. నిజంగానే పన్నెండేళ్లు, నిజంగానే నా భుజానికి వచ్చేవాడు. ఎడమ కాలివాటం. మేం రెండు కాళ్లతో చెయ్యలేనిది వాడు ఎడమ కాలి బొటనవేలితో చేసేవాడు. వాడికి ఎందుకు తగ్గించలేదంటే, వాడి బాప్తిస్మం తారీఖు చర్చి పుస్తకంలో ఉందని, దాన్ని మార్చడం మేస్టారి వల్ల కాలేదని మేమంతా అనుకునేవాళ్లం. దేవుడి దగ్గర రికార్డు ఉన్నవాడికి ఇలాంటి సౌకర్యాలు దొరకవని నవ్వుకునేవాళ్లం.

జిల్లా జట్టుకి ఎంపికలో మధ్యలో ఆడేందుకు ఒక్క చోటు మిగిలింది. వాడో నేనో. సెలక్టర్లు ఇద్దర్నీ పక్కపక్కన నిలబెట్టి చూశారు. "కుర్రాడు బలంగా ఉన్నాడు" అని నన్ను తీసుకున్నారు. ఉంటాను మరి. వాడు గట్టు మీద కూర్చుని బూట్ల లేసులు విప్పుకోవడం నాకు గుర్తుంది. అంతకుమించి పట్టించుకోలేదు. పద్నాలుగేళ్లవాడు పన్నెండేళ్లవాణ్ణి పట్టించుకోడు.

అక్కణ్ణుంచి జిల్లా, రాష్ట్రం, ఇంటర్ అయ్యాక కలకత్తాలో ఒక క్లబ్బు. కాగితం మీద పదిహేడు, ఒంటి మీద పంతొమ్మిది. డిగ్రీ దూరవిద్యలో, చాలా భాగం రిజర్వు బెంచీ మీద పూర్తి చేశాను. చరిత్ర తీసుకున్నాను. తారీఖుల మీద నాకు పెద్ద గౌరవం లేకపోయినా ఎలాగో గట్టెక్కాను.

నేను ఆడిన లీగుల్లో ఒక నిబంధన ఉండేది: ఇరవై రెండు దాటని ఆటగాడు ఒకడు ఎప్పుడూ మైదానంలో ఉండాలి. కుర్రాళ్లకి అవకాశం ఇవ్వాలన్న సదుద్దేశం. సదుద్దేశంతో పెట్టిన నిబంధన ఎక్కడుందో అక్కడికి మనవాళ్లు ముందే చేరుకుంటారు. ప్రతి క్లబ్బుకీ ఆ వయసు కాగితం, పెద్దవాడి ఒళ్లూ ఉన్నవాడొకడు కావాలి. నేను అచ్చంగా ఆ కొలతకి కుట్టిన చొక్కాని. ఐదేళ్లు నాకు చోటు కోసం వెతుక్కునే అవసరం రాలేదు.

ఆటకి ముందు కోచ్ గోడ మీద బోర్డు పెట్టి అయస్కాంతం బిళ్లలు అమర్చేవాడు. పది బిళ్లల మీద పది పేర్లు. మధ్యలో పదకొండో బిళ్ల మీద ఇంగ్లీషులో 'యు' అన్న అక్షరం, పక్కన ఇరవై రెండు. అది నేను. మొదటి ఏడాది, కొత్తవాణ్ణి, ఇంకా పేరు రాయించి ఉండరులే అనుకున్నాను. మూడో ఏడాది గోవాలో ఇంకో క్లబ్బు, ఇంకో కోచ్, అదే బిళ్ల. మైదానంలోకి కేకేసేటప్పుడూ అంతే. "అండర్ ట్వంటీటూ, వెనక్కి రా!" ఒకసారి అలవాటు చొప్పున ఎదుటి జట్టు అండర్ ట్వంటీటూ కూడా వెనక్కి వెళ్లాడు. మేమిద్దరం ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకున్నాం. అతనికీ కణతల దగ్గర ఒక తెల్ల వెంట్రుక ఉంది.

ఒక ఇంగ్లీషు పేపరు నా గురించి ఒకే ఒక్కసారి రాసింది. 'వయసుకు మించిన పరిణతి చూపించాడు' అని. ఆ విలేకరి జన్మలో అంత నిజం ఇంకెప్పుడూ రాసి ఉండడు. ఆ ముక్క కత్తిరించి ఇంటికి పంపితే, మా చెల్లెలు ఫోన్లో పది నిమిషాలు నవ్వింది.

ఒక విదేశీ కోచ్ వచ్చాడు. ఆయన మాట దుబాసీ చెబితే మాకు అర్థమయ్యేది. బంతి నా ఎడమ పక్కకి వచ్చిన ప్రతిసారీ నేను ఒక అరచుట్టు తిరిగి దాన్ని కుడికాలి మీదకి తెచ్చుకునేవాణ్ణి. ఆ తిరిగేలోపు ఎదుటివాళ్లు ఇద్దరు వచ్చేసేవాళ్లు. ఆయన రెండు వారాలు చూసి, ఆట ఆపించి ఏదో అన్నాడు. దుబాసీ మొహమాటపడుతూ చెప్పాడు: "నీ ఎడమ కాలు బస్సెక్కడానికా అని అడుగుతున్నారు." అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. అయినా ఆదివారం ఆటకి నన్నే దింపాడు. దింపక ఏం చేస్తాడు? నిబంధన.

ఆ నిబంధనే నన్ను ముంచింది. కాగితం మీద నాకు ఇరవై మూడు వచ్చిన రోజు మేం హోటల్లో ఉన్నాం. క్లబ్బువాళ్లు కేకు తెప్పించారు. మేనేజరు తన చేత్తో నా నోట్లో ముక్క పెట్టి, మూతి తుడిచి, పక్కకి పిలిచి, వచ్చే సీజన్‌కి వేరే ఏర్పాటు చూసుకోమన్నాడు. కేకు ఇంకా మింగలేదు. అసలు లెక్కన ఆ రోజుకి నాకు ఇరవై అయిదు. ఇరవై అయిదేళ్లంటే మిడ్‌ఫీల్డరుకి ఆట అప్పుడప్పుడే తెలుస్తున్న వయసు. ఎవరి దగ్గరికి పరుగెత్తాలో కాదు, ఎవరి దగ్గరికి పరుగెత్తక్కర్లేదో తెలిసే వయసు. నాకు ఆ వయసు వచ్చిన రోజునే నా వయసు అయిపోయిందన్నారు. కొత్త బిళ్ల అప్పటికే హోటల్లో దిగి ఉన్నాడు, మణిపూర్ నుంచి. నా పక్కనే నిలబడి కేకు తిన్నాడు. పాపం, అతనికి నిజంగానే పంతొమ్మిది అనుకుంటాను.

ఆ తర్వాత తొమ్మిదేళ్లు ఆడాను. ఆడానని అనడం మర్యాద. ఎవరి మోకాలు విరిగితే వాళ్ల బదులు పిలిచేవాళ్లు. కేరళలో వరి కోసిన పొలాల్లో ఏడుగురేసి ఆడే పందేల్లో ఆడాను. షిల్లాంగ్ చలిలో ఆడాను. బెంగుళూరులో ఒక క్లబ్బు నా పేరు చొక్కా మీద తప్పు రాయించింది, మార్చమని అడగడానికి మొహమాటపడి సీజనంతా ఇంకెవరో అయి ఆడాను. ప్రతి చోటా కోచ్ నన్ను చూసి, కాగితం చూసి, ముందు ఎక్కడెక్కడ ఆడానో చూసి, ఒకే ప్రశ్న అడిగేవాడు: "ఇరవై మూడు తర్వాత నిన్ను ఎవరూ ఉంచుకోలేదేం?" దానికి నా దగ్గర ఒక జవాబు తయారుగా ఉండేది. కోచ్‌కి చెప్పలేను కాబట్టి నాకు నేనే చెప్పుకునేవాణ్ణి. మేస్టారు నా రెండేళ్లు కోసెయ్యకపోతే నేను నిబంధన కోసం కాక ఆట కోసం ఎంపికై ఉండేవాణ్ణి. నన్ను బిళ్లగా కాక మనిషిగా పెంచి ఉండేవాళ్లు. ఎవడో ఒక కోచ్ నా ఎడమ కాలు కూడా బాగుచేయించి ఉండేవాడు.

ఈ జవాబుని నేను పన్నెండేళ్లు పెంచాను. ఇంత శ్రద్ధగా నేను కండలు కూడా పెంచలేదు. కోపం అనేది రోజూ సాధన చేస్తే బాగా వచ్చే విద్య. బస్సుల్లో చేశాను, బెంచీల మీద చేశాను, మోకాలికి ఐసు కట్టుకుని హాస్టలు గదుల్లో చేశాను. మేస్టారు ఎదురైతే ఏమనాలో వాక్యం వాక్యం అమర్చుకున్నాను. నాకు ఆయన క్షమాపణ అక్కర్లేదు. ఒకే ఒక్క మాట ఆయన నోటితో వినాలి: ఒరే, నువ్వు మంచి ఆటగాడివి, నేను పాడుచేశాను. ఆ ఒక్క మాట వినేస్తే మిగిలినదంతా ఎలాగో సర్దుకోవచ్చు. పద్నాలుగేళ్లకి అదేమీ పెద్ద కోరిక కాదు.

మూడేళ్ల కిందట మోకాలు ఇంక చాలంది. వైజాగ్ వచ్చేశాను. ఇప్పుడు మధురవాడలో ఒక టర్ఫ్ చూసుకుంటున్నాను. పచ్చ తివాచీ పరిచి, చుట్టూ వల కట్టి గంటల లెక్కన అద్దెకిచ్చే మైదానం. సాయంత్రాలు ఐటీ ఆఫీసుల వాళ్లు వస్తారు. వాళ్ల బూట్లు నేను పద్నాలుగేళ్లలో తొడుక్కున్న వాటన్నిటికన్నా మంచివి. వాళ్లకి పాస్ ఎలా ఇవ్వాలో చెబుతాను. "అన్నా, నువ్వు ఎప్పుడైనా ఆడేవాడివా?" అని అడుగుతారు. కొంచెం అంటాను.

పోయిన నెల పాత జట్టు వాట్సాప్ గ్రూపులో కబురు వచ్చింది. మేస్టారికి డెబ్భై అయిదు నిండాయి, సన్మానం చేద్దాం అని. ఆ డెబ్భై అయిదు ఎవరు లెక్కపెట్టారో నేను అడగలేదు. గోపాలపట్నంలో ఫంక్షన్ హాలు, ఆదివారం ప్రార్థన అయ్యాక. జట్టు తరఫున నేను మాట్లాడాలట. టీవీలో కనబడ్డవాణ్ణి నేనొక్కణ్ణే కదా. సరేనన్నాను. నేను ఇంత వెంటనే దేనికీ సరేననను. అందుకే మా గోల్‌కీపరుకి అనుమానం వచ్చింది.

శనివారం పొద్దున్నే టర్ఫ్‌కి వచ్చాడు. స్పోర్ట్స్ కోటాలో ఒక పెద్ద ప్రభుత్వ సంస్థలో ఉద్యోగం. ఒకప్పుడు గోలు నిండా ఉండేవాడు, ఇప్పుడు కుర్చీ నిండా ఉంటాడు.

"ఏటి బావా, రేపు మైకులో ఏటి మాట్లాడతావు?" అన్నాడు, వల పట్టుకుని నిలబడి.

"నిజం."

"అంత పెద్ద మాటెందుకు బావా? భోజనాల టైమది."

"ఆరుగురికి వయసు కోశాడు మేస్టారు. ఆ సంగతి ఒక్కసారైనా పైకి అనొద్దా?"

"ఆ ఆరుగురిలో నాను లేనా ఏటి? నీకు ముందు పోయిన రెండేళ్లు నాకు ఎనకాల వస్తన్నాయి బావా. కాగితం మీద అరవైకి దిగినా, అసలు లెక్కన అరవై రెండు దాకా సేత్తాను ఉద్యోగం. నువ్వు మైకట్టుకుని కూస్తే, సోమారం నన్ను కాగితాలు తెమ్మంటారు." గొంతు తగ్గించాడు. "పైగా మా ఆవిడ కూడా వస్తంది. ఆవిడికి నా అసలు వయసు తెల్దు."

"పెళ్లై పదేళ్లయింది కదా."

"అయితే? అడగలేదు."

నాకు నవ్వొచ్చింది, ఆ తర్వాత ఎక్కువ కోపం వచ్చింది. నా దగ్గర కోసేసిన రెండేళ్లు ఎక్కడికీ పోలేదు. ఈ బావ కుర్చీ కింద భద్రంగా ఉన్నాయి, ఇంక్రిమెంట్లతో సహా. నేను ఏమీ మాటివ్వలేదు. అతను వెళుతూ వెళుతూ వెనక్కి తిరిగి, "బావా, పిల్లల ఫీజులు కట్టాలి" అన్నాడు. ఈ మాట మీద ఆఫ్‌సైడ్ ఇవ్వడానికి ఏ రిఫరీకీ చేతులు రావు.

ఆదివారం హాలు నిండింది. ప్రార్థన అయింది. మేస్టారు బళ్లోనూ సంఘంలోనూ చేసిన సేవ గురించి పాస్టరుగారు చాలాసేపు చెప్పారు. నేను వినలేదు. జేబులో మడిచిన కాగితాన్ని తడుముకుంటున్నాను. రెండు పేజీలు, పన్నెండేళ్ల పని. వేదిక మీద మేస్టారు శాలువా కప్పుకుని, ఈలతో ఉన్న తన ఫొటో ఫ్లెక్సీ కింద కూర్చున్నాడు. చిన్నగా అయిపోయాడు. కోపానికి ఇది ఇబ్బంది. మనం కోప్పడదామని ఏళ్ల తరబడి ఎదురుచూసిన మనిషి, తీరా చూస్తే, నీళ్ల గ్లాసు రెండు చేతులతో పట్టుకుంటున్నాడు.

నన్ను పిలిచారు. మైకు అందుకున్నాను. మూడో వరసలో మా గోల్‌కీపరు పెనాల్టీకి నిలబడ్డట్టు కూర్చున్నాడు, మోకాళ్లు కొంచెం వంచి. పక్కన వాళ్లావిడ నవ్వుతూ ఫోన్లో నన్ను వీడియో తీస్తోంది. కాగితం జేబులోంచి సగం తీశాను.

"మేస్టారు మాకు చాలా ఇచ్చారు" అన్నాను. "కొంత తీసుకున్నారు కూడా."

హాలంతా గొల్లున నవ్వింది. బెత్తం దెబ్బల గురించి అనుకున్నారు. చప్పట్లు కొట్టారు. గోల్‌కీపరు అందరికంటే గట్టిగా కొట్టాడు. కాగితం లోపలికి తోసేసి కూర్చున్నాను. నా ఆట అంతా ఇంతే. బంతి కాళ్ల దగ్గరికి వచ్చింది, పక్కవాడికి ఇచ్చేశాను. మేస్టారు మాత్రం నవ్వలేదు. నా వైపే చూస్తున్నాడు.

భోజనాల వేళ ఆయనే నన్ను చెయ్యి ఊపి పిలిచాడు. హాలు పక్కన షెడ్డు నీడలో ప్లాస్టిక్ కుర్చీ వేయించుకుని ఒక్కడే కూర్చున్నాడు. పక్కన కూర్చున్నాను. అప్పుడే ఒక బైకు వచ్చి ఆగింది. మా ఎడమ కాలివాడు. పోర్టులో క్రేన్ నడుపుతాడు, డ్యూటీ దిగి అలాగే వచ్చాడు. "వందనాలు మేస్టారూ, లేటైపోయింది" అన్నాడు. నన్ను చూసి, "టర్ఫ్ ఎలాగుంది బావా?" అన్నాడు. బాగుందన్నాను. వాడికి నా మీద కోపం ఉన్నట్టు ఎప్పుడూ కనపడలేదు. అదొక చికాకు. లోపలికి వెళుతూ దారిలో పడున్న ఖాళీ నీళ్ల సీసాని, అటు చూడకుండానే, ఎడమ కాలితో పైకి లేపి చెత్త డ్రమ్ములో వేసి వెళ్లిపోయాడు.

మేస్టారు ఆ డ్రమ్ము వైపు చూస్తూ చిన్నగా తల ఊపాడు. నేను అడిగేశాను. అమర్చుకున్న వాక్యాలు ఒక్కటీ రాలేదు.

"మేస్టారూ, నాకు రెండేళ్లు ఎందుకు తగ్గించారు?"

"టోర్నమెంటుకి."

"దానివల్ల నాకు ఇరవై అయిదుకే ఆట అయిపోయింది. మీకు తెలుసా?"

"తెలుసు. సూస్తన్నాను కదా పేపర్లో. ముందు జట్టు లిస్టులో వచ్చేది నీ పేరు, తర్వాత మానేసింది."

"మరి వాడికి?" అని హాలు వైపు చూపించాను. "వాడికి తగ్గించలేదే? చర్చి పుస్తకంలో తారీఖు ఉందనేనా? పుస్తకం లేనివాళ్లం దొరికామనా?"

మేస్టారు నా వైపు తిరిగాడు. శాలువా జారింది, సర్దుకోలేదు.

"ఎవుడు సెప్పాడ్రా నీకు? సర్చి సెక్రట్రీని నాను. పుస్తకం నా బీరువాలోనే ఉండీది, పెన్నూ నాదే. ఆడికి రాయాలంటే నాకు అర నిమిషం."

"మరి ఎందుకు రాయలేదు?"

"ఆడికేటి అవసరం? ఆడు పన్నెండేళ్లకి పన్నెండేళ్లోళ్లతో ఆడగలడు. మీ ఆరుగురూ ఆడలేరు, అందుకే కోసాను." నా మోకాలి మీద చెయ్యి వేశాడు, ఎడమ మోకాలి మీద. "నీకు ఈ కాలు లేదురా. అప్పుడూ లేదు, మరి రాలేదు. ఆ రెండేళ్లు కొయ్యకపోతే నువ్వు జిల్లా కూడా ఆడీవోడివి కాదు."